మా సునీలకు ఆ పేరు పెట్టింది నేను కాదు

స్వాతంత్ర్యం రావడానికి ముందు ఏడాది, ధర్మపురి దగ్గర నల్లంపల్లిలో మా తొలి బిడ్డను తొట్టెలలో వేసిన రోజు అది. మా ఇళ్లలో మొదటి ఆడపిల్లకు నాయనమ్మ పేరే పెడతారు. మా అమ్మ సుబ్బమ్మ ఆ పేరు పిలవడానికి తొట్టెల మీదికి వంగింది.

"ఉండండి అత్తా!" అంది నా భార్య. ఇంటినిండా ఉన్న చుట్టాలు ఆమెవైపు తిరిగారు. "మీ పేరు కోడలు నోట పలకగూడదు గదా? ఇంక నా బిడ్డను నేను ఏమని పిలిచేది?"

"పాపా అని పిలువు! ఏం, నోరు నొస్తుందా?" అని మా అక్క ఎత్తిపొడిచింది.

"ఊర్లో బిడ్డలంతా పాపలే వదినా. అత్త పేరులో మొదటి అక్షరం, మా అమ్మ నీలమ్మ పేరు కలిపి సునీల అంటే, నేనూ పిలుస్తాను."

అలాంటి పేరు మేమెవరమూ వినలేదు. అందరూ నావైపు చూశారు. నేను తల దించుకున్నాను.

మా అమ్మ మా అక్కతో, "నీకు మా అత్త పేరు పెట్టినారు. నువ్వు పెండ్లయి పోయేదాకా ఒక్కనాడూ నిన్ను పేరుతో పిలవలేదు నేను," అంది. తర్వాత తొట్టెల మీదికి వంగి, "సునీలా!" అని మూడుసార్లు పిలిచింది. "ఇప్పుడు నువ్వు పిలువమ్మా," అంది కోడలితో. నా భార్య వీధంతా వినబడేటట్టు పిలిచింది.

ఆ పేరును ఎవరు మెచ్చుకున్నా, ఇరవై ఏళ్లుగా నేనే కల్పించానని చెప్పుకున్నాను. మొన్న సునీల పెళ్లిలోనూ అదే చెప్పాను. నా భార్య పక్కనే నిలబడి వింది.

మా ఇళ్లలో మగవాళ్లు కూడా భార్య పేరు పలకరు. అందుకే ఇక్కడ రాస్తున్నాను: ఆ పేరు పెట్టింది కావేరి.