ఎర్రగీత కింద ఇరవై ఆరు మంది

ఇరవై ఆరు మంది పేర్లు రాయి మీదికి రాకుండా చేశారు. ఆ పేర్లున్న ఒకే ఒక్క నోటుబుక్కును తిరిగివ్వకుండా పెట్టుకున్నారు. దాన్ని రాసిన మనిషి పోయిన మంగళవారం పొద్దున మదనపల్లె ఆసుపత్రిలో చనిపోయాడు. నమస్కారాలు పెట్టి మొదలుపెట్టే ఓపిక నాకు లేదు. జరిగింది ముందు చెప్పాను. మనిషి గురించి ఇప్పుడు చెప్తాను.

ఆయన నాకు చుట్టం కాదు. పుంగనూరులో మా గోడకు అవతలి ఇల్లు ఆయనది. పెద్దనాయన అని పిలిచేవాణ్ణి. మిలిటరీలో ఇరవై ఏళ్ళు వంట చేసి రిటైరయ్యాడు. ఆయన నాయన రెండో ప్రపంచ యుద్ధంలో బర్మా అడవుల్లో కంచరగాడిదలు తోలాడు. నేను పదో తరగతి తప్పి, కుప్పంలో గ్రానైట్ రాళ్ళ మీద అక్షరాలు చెక్కే పనిలో చేరినవాణ్ణి. నాకు వచ్చిన చదువు బళ్ళో వచ్చింది కాదు. సెలవు దొరికిన ఆదివారాల్లో ఆయన వాకిట్లో గోనెపట్టా మీద కూర్చుని, ఆయన తెచ్చిన ఇంగ్లీషు పుస్తకాలను డిక్షనరీ పెట్టుకుని ఇద్దరం కూడబలుక్కుంటే వచ్చింది.

ఆ పుస్తకాలన్నీ ఒకే సంగతి గురించి. యుద్ధంలో ఏ దేశం తన సైన్యాన్ని ఎట్లా విడగొట్టుకుంది, ఏ ముక్కను ఏ ముక్కకు తగిలించింది. మొదటిసారి నాకు చెప్పినప్పుడు చేటలోని చెనిక్కాయలు గుప్పెడు తీసి పట్టా మీద పరిచాడు.

"ఇవి పది మంది. సెక్షను. ఇట్లాంటివి మూడైతే ప్లాటూను. మూడు ప్లాటూన్లు ఒక కంపెనీ. కంపెనీలు నాలుగైతే బెటాలియను. మూడు బెటాలియన్లు బ్రిగేడు. మూడు బ్రిగేడ్లు డివిజను."

"ఆ నాలుగు తప్ప అన్నీ మూడు మూడు యాల పెద్దనాయనా?"

"ఒకడు శత్రువును ముందర నిలబడి పట్టుకోవాల. ఒకడు పక్క నుంచి పోయి కొట్టాల. మూడోవాడు ఊరికే కూసోవాల."

"కూసునేదానికి కూడా జీతమా?"

"ఆ కూసునేవాడు లేకుంటే ముందరి ఇద్దురూ సస్తార్రా ఎర్రోడా. అవసరం యాడ పడితే ఆడికి పోయేది వాడే కదా."

మన బ్రిగేడు లాంటిదాన్నే రెజిమెంటు అనే అమెరికావాళ్ళు నాలుగు రెజిమెంట్ల డివిజన్లను మూడుకు దించుకున్నారని, ఇటలీవాళ్ళు మూడింటిని రెండు చేసి డివిజన్ల సంఖ్య పెంచుకున్నారని ఆయనే చెప్పాడు. ఇటలీ మాట వస్తే నవ్వేవాడు. "కాగితం మీద సైన్యం పెరిగింది. నేల మీద సన్నబడింది. జనానికి సూపించుకునేదానికి చేసే పని యాడైనా అంతే."

మన బ్రిగేడ్ల దగ్గరికి వచ్చేసరికి నవ్వు ఉండేది కాదు. "శానా బ్రిగేడ్లలో మనోళ్ళ బెటాలియన్లు రెండు, తెల్లోళ్ళది ఒకటి. బలం కోసం కాదు. మనోళ్ళు తుపాకీ ఎనక్కి తిప్పుతారేమోనని పాత భయం. మన పక్కన నిలబడి సచ్చేదీ వాళ్ళే, మనకు కాపలా కాసేదీ వాళ్ళే."

ఆ తర్వాత ఇంకో పెద్ద దోసెడు తీసి వెనకాల కుప్ప పోశాడు. ఫిరంగులవాళ్ళు, వంతెనలు కట్టేవాళ్ళు, వైర్లెస్సువాళ్ళు, లారీలు నడిపేవాళ్ళు, గాయపడినవాళ్ళను మోసేవాళ్ళు. ఆ కుప్పకు కూడా వెనక చిన్న కుప్ప ఒకటి. వంటవాళ్ళు, నీళ్ళు మోసేవాళ్ళు, గాడిదలు తోలేవాళ్ళు, బట్టలుతికేవాళ్ళు, క్షవరం చేసేవాళ్ళు, చెప్పులు కుట్టేవాళ్ళు, ఊడ్చేవాళ్ళు. కాగితాల్లో ఈ చివరి కుప్పలో చాలామందికి సిపాయి అనే మాట ఉండేది కాదు. ఫాలోయర్లు అని రాసేవాళ్ళు. వెనకాల వచ్చేవాళ్ళని అర్థం.

"వీళ్ళు లేకుంటే ఏమయితాది?" అని అడిగాను.

"ఒక పూట ఏమీ కాదు. రెండోపూట డివిజను ఉండదు."

అంతలో ఆయన భార్య, పెద్దమ్మ వచ్చి, ముందు కుప్ప, వెనక కుప్ప చూడకుండా మొత్తం చేటలోకి ఊడ్చుకుంది. "మీ డివిజన్లను ఉడకేస్తాండా. లేయండి, నాకు జాగా కావల్ల" అంది. ఆయన నా వైపు చూసి, "సూసినావా? అసలు జనరల్ ఈమె" అన్నాడు.

ఇద్దరికి వండడం ఆయనకు చివరిదాకా రాలేదు. ఉప్పు ఇద్దరికి చాలినంత ఎంతో చేతికి తెలియదు. అందుకని ఆదివారం వీధిలో ఎవరు కనిపిస్తే వాళ్ళను కూర్చోబెట్టేవాడు. పులుసు చుక్క చేతి వెనక వేసుకుని నాకి చూసేవాడు. "బాగుందా?" అని అడగడు. "సరిపోయిందా?" అనే అడుగుతాడు. అందరూ లేచాక తను కూర్చునేవాడు. నేను పిలిస్తే, "వంటోడు ముందు తింటే ఆ పటాలం చెడిపోయినట్టే" అనేవాడు.

వాళ్ళ నాయన గురించి ఎక్కువ చెప్పేవాడు కాదు. ఒక్కసారి చెప్పాడు. అడవిలో గాడిద అరిస్తే శత్రువుకు జాడ తెలిసిపోతుంది. అందుకని గొంతులో నరం కోసి వాటికి అరుపు లేకుండా చేశారట. తన గాడిద వంతు వచ్చినప్పుడు చెవులు పట్టుకుని నిలబడింది ఈయన నాయనే. "ఇంటికొచ్చినాక మా నాయన ఎద్దును కూడా గట్టిగా అదిలించలే. మడక దున్నేటప్పుడు నోరు తెరిచి, మళ్ళా మూసుకుంటా ఉండె" అన్నాడు.

రిటైరయ్యాక ఆయన పెట్టుకున్న పని ఒకటే. ఈ చుట్టుపక్కల ఊర్ల నుంచి ఆ యుద్ధానికి పోయినవాళ్ళ పేర్లన్నీ ఒకచోట రాయడం. మోపెడ్డు మీద పెద్దపంజాణి పక్క పల్లెలు, నిమ్మనపల్లె పక్క పల్లెలు తిరిగేవాడు. గడప దగ్గర నిలబడి, "అమ్మా, మీ ఇంట్లో ఎవురన్నా పటాలానికి పోయినారా?" అని అడిగేవాడు. ముసలివాళ్ళు ట్రంకుపెట్టె అడుగు నుంచి డిశ్చార్జి కాగితం తీసి ఇస్తే అక్కడే కూర్చుని రాసుకునేవాడు. కాగితం లేని చోట ఇద్దరు ముసలివాళ్ళ సాక్ష్యం తీసుకునేవాడు.

ఒకసారి నన్ను కూడా తీసుకుపోయాడు. మంచి మేడ ఇల్లు. మనవడు ఉద్యోగస్తుడు. తాత కాగితంలో ఊడ్చే పని అని ఉంది. మనవడు కాఫీ తెప్పించి, గొంతు తగ్గించి అడిగాడు.

"సిపాయి అని రాసుకోండప్పా. ఎవురొచ్చి సూస్తారు?"

"అట్ల రాస్తే ఆ డివిజన్లో ఎవురు ఊడ్సినట్టు నాయనా?"

"మా పిల్లోళ్ళ ముందర బాగుండదప్పా."

"రోగమొస్తే ఒక్క వారంలో బెటాలియను పండుకుంటాది. మీ తాత ఊడ్సబట్టి పండుకోలే. పిల్లోళ్ళకు అదే సెప్పు."

కాఫీ తాగి, ఉన్నది ఉన్నట్టే రాసుకుని వచ్చేశాడు. నోటుబుక్కులో పేర్లు అక్షరాల వరుసలో లేవు, ఊర్ల వరుసలోనూ లేవు. డివిజను ఎట్లా నిలబడుతుందో ఆ వరుసలో ఉన్నాయి. ముందు తుపాకీ పట్టినవాళ్ళు. తర్వాత దారులు, వంతెనలు వేసినవాళ్ళు. చివర గాడిదలు తోలినవాళ్ళు, వండినవాళ్ళు, మోసినవాళ్ళు, ఊడ్చినవాళ్ళు. ప్రతి పేరు పక్కన ఏం పని చేశాడో రాసిన వరుస ఒకటి.

ఆ వరుసే కొంప ముంచింది. పుంగనూరులో యుద్ధానికి పోయినవాళ్ళ పేర్లతో రాయి పెట్టాలని ఒక కమిటీ ఏర్పడింది. పేర్లు ఎవరి దగ్గరా లేవు. ఈయన దగ్గరే ఉన్నాయి. సంతోషంగా నోటుబుక్కు ఎత్తి ఇచ్చేశాడు. కమిటీవాళ్ళు తుపాకీవాళ్ళ పేర్లు అయిపోయినచోట ఎర్ర స్కెచ్‌పెన్నుతో గీత గీసి, కింద ఉన్న ఇరవై ఆరు మందిని వదిలేశారు. ఎవరి పని ఏమిటో ఆయన రాయకుండా ఉండుంటే వేరుచేయడం వాళ్ళకు చేతనయ్యేది కాదు. ఆ ఇరవై ఆరులో ఆయన నాయన కూడా ఉన్నాడు.

గీత సంగతి తెలిసి ఆయన కమిటీ సెక్రటరీని కలిశాడు. నేను బండి దగ్గర నిలబడి విన్నాను.

"వంటోళ్ళ పేర్లు కూడా సెక్కితే, రేపు గాడిదల పేర్లు కూడా సెక్కమంటావేమప్పా?" అని సెక్రటరీ నవ్వాడు. చుట్టూ ఉన్నవాళ్ళు కూడా నవ్వారు.

"సెక్కండి సార్. మా నాయన తోలిన దాని గిట్ట మీద నంబరు ఉండె. నాకు తెలుసు, సెప్తాను" అన్నాడు పెద్దనాయన. ఆయన మాత్రం నవ్వలేదు.

"సూస్తాంలే, ఇంకో రాయి పెడదాం" అని పంపించేశారు.

ఇప్పుడు నా సంగతి. ఆ రాయి పని కుప్పంలో మా షెడ్డుకే వచ్చింది. టైపు చేసిన లిస్టు నా చేతికే ఇచ్చారు. మా పని ఎట్లా ఉంటుందంటే, నున్నగా పాలిష్ పట్టిన రాయి మీద రబ్బరు షీటు అంటిస్తాం. అక్షరాల మేర కత్తితో కోసి తీసేస్తాం. ఇసుకను గాలితో బలంగా కొడితే షీటు లేని చోట రాయి గుంటపడుతుంది. పేరు పేరునా కోస్తున్నవాడికి ఏ పేరు లేదో తెలియదా? తెలిసింది. కింద ఖాళీ మిగిలిందని ఓనరుకు చెప్పాను. ఇంకో కాగితం వస్తుంది ఆగు అన్నాడు. వచ్చింది. దాతల పేర్లు. యుద్ధానికి పోయినవాళ్ళ అక్షరాల కన్నా పెద్ద సైజులో, బంగారు రంగులో. ఓనరు, "లిస్టులో ఉండేది కొట్టు, మనకెందుకు" అన్నాడు. కొట్టాను. ఇంకో రాయి పెడతారట కదా అనుకున్నాను. పెద్దనాయనకు ఫోన్ చేసి చెప్పనన్నా చెప్పలేదు.

ఆవిష్కరణ రోజు దండలు, మైకు, కుర్చీలు. అందరూ పోయాక ఆయన రాయి దగ్గరికి పోయి, మొదటి పేరు నుంచి వేలు పెట్టి చదువుకుంటూ వచ్చాడు. దాతల దాకా చదివాడు. నా దగ్గరికి వచ్చి అడిగాడు.

"ఇది నువ్వేనా కోసింది?"

"అవును పెద్దనాయనా."

"అక్షరాలు బాగుండాయి."

అంతే. తిట్టి ఉంటే బాగుండేది. నేను ఈ మధ్య నిద్రపోయేటప్పుడు, బస్సులో కూర్చున్నప్పుడు, రాయి కడిగేటప్పుడు వినేది ఆ ఒక్క మాటే.

ఆ తర్వాత మూడు అర్జీలు రాశాడు. రెండో రాయి గురించి జవాబు లేదు. నోటుబుక్కన్నా ఇవ్వండి అంటే, "ఎతకతా ఉండామప్పా" అన్నారు. ప్రతిసారీ అదే మాట. ఫోన్లో ఫోటోలు తీసి పెట్టుకుందామని నాకు ఎన్నడూ తోచలేదు. గోడ అవతలే ఉంటుంది కదా అనుకున్నాను. మళ్ళీ ఊర్లు తిరిగి రాసుకోవచ్చు కదా అంటారేమో. ఆయనకు సాక్ష్యం చెప్పిన ముసలివాళ్ళు ఒక్కొక్కరే పోయారు. కాగితాలు ఇల్లు మారినప్పుడు, సున్నం కొట్టినప్పుడు పోయాయి.

ఆయన్ను మదనపల్లె నుంచి తెచ్చిన రోజు కమిటీవాళ్ళు పెద్ద దండ, ఒక ఫ్లెక్సీ తీసుకుని వచ్చారు. దాని మీద ఆయన ఫోటో, కింద 'వీర సైనికుడు' అని ఉంది. పెద్దమ్మ ఏడుపు ఆపి చదివించుకుంది.

"ఆయప్ప వంటోడు. వంటోడని రాసి తీసకరాపోండి" అంది.

"అమ్మా, గౌరవంగా ఉంటాదని..."

"ఆయప్పకు అదే గౌరవం. మీకే నామోషీ."

వాళ్ళు ఫ్లెక్సీ చుట్టుకున్నారు. దండ మాత్రం వేసిపోయారు.

ఈయన గొప్పవాడు అని నేను అనను. ఆ మాట వింటే ఆయనే లేచి వెళ్ళిపోయేవాడు. నాకు అన్నం పెట్టాడు, అక్షరం పట్టుకోవడం నేర్పాడు, ఒక పెద్ద పని జరిగిందంటే దాని వెనక ఎంతమంది ఉన్నారో లెక్క చూడమన్నాడు. నేను ఆయనకు చేసింది ఏమిటంటే, ఆయన నాయన పేరుండాల్సిన చోట వేరేవాళ్ళ పేరు నున్నగా చెక్కాను.

కుప్పంలో మా షెడ్డు వెనక అంచు విరిగిందని పక్కన పడేసిన రాయి ఒకటుంది. ఓనరును అడిగి తీసుకున్నాను. పాలిష్ పట్టాను. షీటు అంటించాను. నాకు గుర్తున్నవి తొమ్మిది పేర్లు. వాటిని కోశాను, పక్కన వాళ్ళ పనితో సహా. వంట. నీళ్ళు. గాడిదలు. మిగిలిన పదిహేడు వరుసలకు పెన్సిలు గీతలు మాత్రం గీసి ఉన్నాయి, పేర్లు లేవు. ఎండకు షీటు జిగురు రోజురోజుకూ బిగుసుకుంటుంది. ఎక్కువ రోజులు వదిలేస్తే షీటు చినిగిపోతుంది గానీ ఊడిరాదు.

కమిటీ పెద్దలకు చెప్తున్నాను. నోటుబుక్కు మీ బీరువాలోనే ఉందని నా నమ్మకం. తీసుకుని వచ్చి పెద్దమ్మ చేతికి ఇవ్వండి. నిజంగా పారేసి ఉంటే, పారేశామని కాగితం మీద రాసి, సెక్రటరీ, ప్రెసిడెంటు ఇద్దరూ సంతకాలు పెట్టి ఇవ్వండి. వెతుకుతున్నాం అనే మాట ఇక నాకొద్దు. షీటు అంతకు మించి ఆగదు గనక, ఈ నెల ఆఖరి శనివారం సాయంత్రం ఐదు గంటల లోపల రెండింట్లో ఏదో ఒకటి ఆ ఇంటికి రావాలి.