పేరు అడిగిన చోట గెస్ట్

"ఖాతా అవసరం లేదు, లింకు నొక్కి గెస్ట్‌గా చేరితే చాలు" అని ఎవరైనా అంటే నాకు ఇప్పటికీ ఒళ్లు మండుతుంది. వాళ్లు అబద్ధం చెప్పడం లేదు. ఖాతా నిజంగానే అవసరం లేదు. మిగతావన్నీ అవసరం.

తెలంగాణ ఉద్యమంలో ఊరంతా వీధుల్లోకి వచ్చిన రోజులవి. మేం కొత్తపేటలో కిరాయికి ఉండేవాళ్లం. నేను ఒక దినపత్రిక డెస్కులో పనిచేసేవాణ్ని. నా భార్య ఎల్బీనగర్‌లో ఒక చిన్న ప్రైవేటు బడిలో లెక్కల టీచర్. సమ్మె మొదలై, బడులు మూతపడి నెల దాటింది. బస్సులు డిపోల్లోంచి కదలడం లేదు. సమ్మె మీద ఆమెకు ఏ ఫిర్యాదూ లేదు. టీచర్లందరితో కలిసి రింగురోడ్డు మీద వంటావార్పు చేసి, చేతులకు పసుపు అంటుకుని ఇంటికి వచ్చిన మనిషి. ఆమె దిగులంతా సమ్మె అయిపోయాక సంగతి. బడి తెరిచాక అందరినీ ఉంచుకోలేమని యాజమాన్యం ముందే చెప్పేసింది. టీచర్లలో ఆమెదే పెద్ద వయసు. ఎవరి పేరు మొదట పోతుందో ఎవరూ నోరు తెరిచి చెప్పనక్కర్లేదు.

అలాంటి సమయంలో బెంగళూరు కంపెనీ ఒకటి ఇంటర్నెట్‌లో తెలుగు పిల్లలకు లెక్కల ట్యూషన్ చెప్పేవాళ్లు కావాలని ప్రకటన ఇచ్చింది. ఆమె రాసింది. వాళ్లు జవాబు పంపారు. ఫలానా రోజు పదకొండు గంటలకు వీడియో మీటింగ్‌లో పదిహేను నిమిషాల పాఠం చెప్పి చూపించాలి. కింద లింకు, దాని కింద నేను మొదట చెప్పిన ఆ వాక్యం.

ఇంట్లో కంప్యూటర్ లేదు. దిల్‌సుఖ్‌నగర్‌లో కోచింగ్ సెంటర్ల సందులో ఒక ఇంటర్నెట్ సెంటర్ ఉండేది. దాన్ని నడిపే అతనిది నల్గొండ వైపు, నా భార్య పుట్టిన ఊరికి దగ్గరే. అందుకని ఆమె అతనికి అక్క, నేను మాత్రం సార్‌ను. ముందురోజే ఒకసారి చూసుకుందామని ఇద్దరం నడుచుకుంటూ వెళ్లాం.

లింకు నొక్కితే ఏదో చిన్న సాఫ్ట్‌వేర్ ఎక్కించమంది. ఎక్కించాడు. కంప్యూటర్‌ను ఆపి మళ్లీ తెరవమంది. తెరిచాడు. మళ్లీ అదే సాఫ్ట్‌వేర్ ఎక్కించమంది. మూడోసారి కూడా అదే అడిగితే నాకు సహనం పోయింది.

"ఏందయ్యా ఇది?"

"మా సిస్టమ్‌లు బంద్ చేసి తెరిస్తే ఎక్కించినయన్నీ పోతయి సార్. పోరగాండ్లు పిచ్చి పిచ్చియి ఎక్కిస్తున్నరని గట్ల పెట్టిచ్చిన."

"మరి ఆ ముక్క మొదలే చెప్పొచ్చు కదా?"

"మీరు రీస్టార్ట్ చెయ్యమన్నరు. చేసిన."

చివరికి గల్లాపెట్టె దగ్గర అతను వాడుకునే కంప్యూటర్ ఒక్కటే దిక్కయింది. దానికి ఆ తాళం లేదు. అది తలుపు పక్కనే ఉంటుంది. తలుపు తీస్తే వీధి. అక్కడే జిరాక్స్ మిషన్.

ఈసారి లోపలికి దారి వచ్చింది. తెర మీద ఒక పెట్టె కనిపించింది. పేరు రాయమంది.

"అక్కా, గెస్ట్ అని కొడుతున్న. గెస్ట్‌గనే రమ్మన్నరు గద."

"కొట్టు మరి," అంది ఆమె.

నేను పక్కనే నిలబడి చూస్తున్నాను. రాసినవాడి పేరు లేకుండా వార్త వస్తే వెనక్కి పంపడం నా రోజువారీ పని. ఆ పెట్టెలో గెస్ట్ అని పడుతుంటే అది తప్పని నాకూ తోచలేదు.

ఇంకో సంగతి కూడా అప్పుడే బయటపడింది. మీటింగ్‌లో తెల్ల బోర్డు ఒకటి ఉంటుంది గానీ గెస్టులకు దాని మీద రాసే అనుమతి లేదు. బోర్డు కావాలంటే ఖాతా ఉండాలి. ఖాతా కావాలంటే ఆ కంపెనీలో ఉద్యోగం ఉండాలి. ఉద్యోగం కావాలంటే పాఠం చెప్పి చూపించాలి. లెక్కల పాఠం బోర్డు లేకుండా ఎట్లా చెప్తారో ఆ మెయిల్ రాసినవాళ్లు ఒక్క క్షణం ఆలోచించి ఉండరు.

కాగితాల మీద పెద్దగా రాసి కెమెరాకు చూపిద్దామని అనుకున్నాం. ఒక కాగితం మీద లెక్క రాసి కెమెరా ముందు పట్టుకుంటే తెరలో అంకెలన్నీ అద్దంలో మాదిరి తిరగబడి కనిపించాయి.

"ఉల్టా పడుతున్నయ్ అక్కా. మనం ఉల్టా రాస్తే అక్కడ సీదా వస్తయి," అన్నాడు సెంటర్ అతను.

ఆ మాట నాకు మహా సబబుగా తోచింది. నేను ఉద్యోగంలో చేరిన కొత్తలో పత్రికను ఇంకా సీసపు అక్షరాలతో కూర్చేవాళ్లు. ఆ అక్షరాలను తిరగేసి చదవడం, అవసరమైతే తిరగేసి రాయడం అప్పుడు అబ్బిన విద్య. ఆ సాయంత్రం మా ఆఫీసు నుంచి తెచ్చుకున్న న్యూస్‌ప్రింట్ కాగితాల మీద, నల్ల మార్కర్‌తో, ఆమె చెప్పిన పాఠమంతా నేనే తిరగేసి రాసిపెట్టాను. ఒక తక్కెడ. ఒక పళ్లెంలో మూడు బత్తాయిలు, రెండు వందల గ్రాముల రాయి. రెండో పళ్లెంలో ఎనిమిది వందల గ్రాములు. ఒక్కో బత్తాయి బరువు ఎంత? ఎక్స్ అంటే హడలిపోయే పిల్లలకు ఆమె ఏళ్లుగా అలాగే చెప్తుంది. గడ్డిఅన్నారం పండ్ల మార్కెట్ పక్కన బతికే పిల్లలకు తక్కెడ తెలియకపోవడమేమిటి అంటుంది.

మర్నాడు పదకొండు కాకముందే ఆమె గల్లాపెట్టె ముందు కూర్చుంది. పేరు అడిగిన పెట్టెలో మళ్లీ గెస్ట్ అనే కొట్టాడు అతను. "మీటింగ్ నడిపేవారు లోపలికి అనుమతించే వరకు ఆగండి" అన్నట్టు ఇంగ్లీషులో ఒక వాక్యం వచ్చింది. వచ్చి అక్కడే నిలిచిపోయింది. తలుపు కొట్టడానికి లేదు, కేకెయ్యడానికి లేదు. మనం వచ్చిన సంగతి అవతలివాళ్లకు తెలిసిందో లేదో తెలుసుకునే దారి లేదు. మా ఆఫీసు ముందు బంట్రోతు బల్ల దగ్గర కూడా ఇంతకంటే మర్యాద ఉంటుంది, కనీసం కూర్చోమంటాడు.

ఆమె నిటారుగా, కెమెరా వైపు చూస్తూ, బడిలో గ్రూప్ ఫొటోకు కూర్చున్నట్టు కూర్చుంది. కొంగు కూడా సర్దుకోవడం లేదు.

"మంచినీళ్లు తాగు," అన్నాను.

"వాళ్లు చూస్తుంటే?"

"ఇంకా లోపలికే రానియ్యలే. నువ్వు వాళ్లకు కనపడవు."

"కనపడనని నీకెట్ల తెలుసు? నువ్వేమన్న అటుదిక్కు కూసున్నవా?"

ఒక కుర్రాడు తలుపు తోసి, "అన్నా, జిరాక్స్," అన్నాడు.

"ఆగు తమ్మీ, అక్క పరీక్షల కూసున్నది," అన్నాడు సెంటర్ అతను. ఆ కుర్రాడు వెళ్లకుండా గోడకు ఆనుకుని నిలబడ్డాడు. ఇంకో ఇద్దరు వచ్చారు. వాళ్లూ నిలబడ్డారు. చాలాసేపటికి తెర వెలిగి ఒక ఆడగొంతు వినిపించింది. మనిషి కనిపించలేదు.

"నమస్తే అండి. మొదలుపెట్టేయండి."

నా భార్య నమస్తే చెప్పి, మొదటి కాగితం ఎత్తి పట్టుకుంది. "పిల్లలూ, ఇదేంది? తక్కెడ. ఈ పళ్లెంల మూడు బత్తాయిలున్నయ్..."

"మేడమ్, ఒక్క నిమిషం. అది ఏం రాశారండి? అంకెలన్నీ తిరగబడి ఉన్నాయి."

ఆమె నా వైపు తిరిగి ఒక్క చూపు చూసింది. తెరలో తిరగబడి కనిపించేది మనకు మాత్రమేనని, అవతలివాళ్లకు సరిగ్గానే కనిపిస్తుందని నాకు ఆ చూపులోనే అర్థమైంది. వెనకాల జిరాక్స్ కుర్రాడు కిసుక్కున నవ్వాడు.

"సారీ అమ్మా," అని ఆమె కాగితాన్ని వెనక్కి తిప్పింది. న్యూస్‌ప్రింట్ పల్చన. మార్కర్ సిరా అవతలికి దిగి, వెనకవైపు అంకెలన్నీ సవ్యంగా కనిపిస్తున్నాయి. కొంచెం మసకగా ఉన్నాయంతే. "ఇప్పుడు కనపడుతుందా?"

"ఆఁ, కనిపిస్తోందండి. చెప్పండి."

మళ్లీ ఎత్తుకుంది. రెండు పళ్లేలలోంచీ రెండేసి వందల గ్రాములు తీసేస్తే తక్కెడ వంగుతుందా, వంగదా అని అడుగుతుండగా వీధిలోకి ఊరేగింపు వచ్చింది. డప్పులు, నినాదాలు. సెంటర్ అతను ఉరికి తలుపు మూశాడు. మూస్తే ఏమాగుతుంది?

"ఏంటండీ ఆ శబ్దం? పెళ్లా?"

"ఉద్యమమమ్మా. జరసేపట్ల పోతది," అంది ఆమె. గొంతు పెంచి పాఠం సాగించింది. డప్పుల మీదుగా ఆమె గొంతు స్పష్టంగా వినిపించింది. వెనుక బెంచీకి వినబడేలా చెప్పిన ఇన్నేళ్ల అలవాటు అది. జిరాక్స్ కోసం నిలబడ్డవాళ్లలో ఒకడు, "వంగదు మేడం," అని జవాబు కూడా చెప్పాడు.

అప్పుడు కరెంటు పోయింది.

బొగ్గు గనుల్లోనూ సమ్మే కాబట్టి ఆ రోజుల్లో కరెంటు పోవడం వింత కాదు. కంప్యూటర్లకు బ్యాటరీ ఉంది. ఇంటర్నెట్ డబ్బాకు లేదు. నేను సెంటర్ అతన్ని ఏదో అన్నాను, అతను కరెంటోళ్లను ఏదో అన్నాడు. కరెంటు వచ్చాక మళ్లీ లింకు, మళ్లీ గెస్ట్, మళ్లీ "ఆగండి". మళ్లీ ఆమె నిటారుగా కూర్చుంది. లోపలికి రానిచ్చేసరికి ఈసారి మగగొంతు.

"మీరు కొత్తగా వచ్చారా?"

"లేదు సార్. ఇందాకటి నుంచి ఉన్నదాన్నే."

"సరే, కంటిన్యూ."

మిగిలిన సగం చెప్పింది. థాంక్యూ అన్నారు. తెర ఆరిపోయింది. నడుచుకుంటూ ఇంటికి వస్తుంటే దారిలో ఆమె ఒకటే మాట అంది. "పాఠమైతే మంచిగనే చెప్పిన."

కొన్నాళ్లకు మెయిల్ వచ్చింది. మీరు డెమోకు హాజరు కాలేదు, మీ భవిష్యత్తుకు శుభాకాంక్షలు.

నేను ఆఫీసులో ఆ మెయిల్ చూసి, కాగితం మీద అచ్చు తీసుకుని ఇంటికి తెచ్చాను. ఆమె చదివి, మడిచి, మళ్లీ విప్పి చదివింది. నేను కంపెనీ మీద, బెంగళూరు మీద, ఇంటర్నెట్ మీద తోచినన్ని తిట్టాను.

"నువ్వు తిడితే వాళ్లకు ఇనపడ్తదా? నంబర్ ఉన్నదా దాంట్ల?"

ఉంది. చేస్తే పాట వస్తుంది, పాట అయ్యాక కట్ అవుతుంది. రెండు రోజులు అదే పాట. మూడోరోజు ఎవరో ఎత్తారు. మాటను బట్టి కోస్తా వైపు అమ్మాయి. నియామకాల విభాగమట. స్పీకర్ పెట్టి ఇద్దరం విన్నాం.

"డెమో చెప్పినవాళ్లలో మీ పేరు లేదు మేడమ్. ఆ రోజు గెస్ట్ అని ముగ్గురున్నారు. ఒకరు సగంలో వెళ్లిపోయారు. ఒకరు సగం నుంచి మొదలెట్టారు. మూడో ఆయన మగాయన."

"ఆ రెండు సగాలు నేనే అమ్మా."

"అయ్యుండొచ్చండి. కానీ పేరు లేదు కదా. గెస్ట్ అని రాస్తే మాకెలా తెలుస్తుంది?"

"వీడియో చూస్తే తెలుస్తది గద, నా మొహం."

"వీడియో చూసే పర్మిషన్ నాకు లేదండి. మళ్లీ అప్లై చేసుకోండి. ఆరు నెలలాగాలి."

నాకు ఫోన్ లాక్కుని మాట్లాడాలనిపించింది. ఆమె నా చెయ్యి నెట్టేసింది. ఆరు నెలలంటే ఏమిటో ఆమెకు తెలుసు. బడి ఈ లోపు తెరుస్తారు, ఆమెను పంపించేస్తారు.

"నువ్వు లెక్కలు చదువుకున్నవా బిడ్డా?"

"నేను హెచ్ఆర్ అండి. నాకు లెక్కలంటే భయం."

"అయితే మంచిదే. కాగితం కలం తీస్కో. తక్కెడ గియ్యి."

"మేడమ్, అలా కుదరదండి..."

"కుదురుతది. గీసినవా? ఒక పళ్లెంల మూడు బత్తాయిలు పెట్టు. పక్కన రెండు వందల గ్రాముల రాయి. రెండో పళ్లెంల ఎనిమిది వందలు. తక్కెడ సమంగ ఉన్నది. ఇప్పుడు నువ్వు రెండు దిక్కులా రెండేసి వందలు తీసినవనుకో. తక్కెడ ఏమైతది?"

అవతల కాగితం మీద కలం గీస్తున్న చప్పుడు వినిపించింది.

"ఏమీ అవదు. సమానంగానే ఉంటుంది."

"శబాష్. ఇటు ఏం మిగిలింది?"

"మూడు బత్తాయిలు. అటు ఆరొందలు." మూడుతో భాగించుకుని, "ఒక్కోటి రెండొందలు," అంది ఆ అమ్మాయి, గొంతు మారిపోయి.

"ఎట్లొచ్చింది? జవాబు చెప్తే సరిపోదు, ఎట్లొచ్చిందో చెప్పాలె."

ఆ అమ్మాయి చెప్పింది. తడబడుతూ, తన భాషలో, మొదటినుంచి చెప్పింది. అయ్యాక, "లైన్లో ఉండండి మేడమ్, కట్ చేయకండి," అంది. మళ్లీ ఆ పాట వచ్చింది. పాట మధ్యలో ఒక మగగొంతు. ఆ రోజు రెండో సగం విన్నాయనే.

"మేడమ్, మా హెచ్ఆర్ అమ్మాయి ఇప్పుడే నాకు లెక్క చెప్పింది," అన్నాడు. నవ్వుతున్నట్టు వినిపించింది. "మీ రెండు సగాల రికార్డింగూ తెప్పించుకుని చూస్తాను. మీరేనని తేలితే సాయంత్రం బ్యాచ్ మీకే. ఎప్పటినుంచి చేరతారు?"

"తేలితే గీలితే కాదు సార్, నేనే. రేపటినుంచి చేరత."

"సరే. మీ పూర్తి పేరు చెప్పండి."

ఆమె కుర్చీలోంచి లేచి నిలబడింది. ఇంటిపేరుతో మొదలుపెట్టి ఇంగ్లీషులో ఒక్కో అక్షరం, మధ్యలో ఆగుతూ, పిల్లలతో నోట్సు రాయించినట్టు చెప్పింది. అయిపోయాక ఆయన సరేనని ఫోన్ పెట్టేయబోయాడు.

"ఆగండి సార్," అంది. "ఏం రాసిన్రో ఒకసారి చదువుండ్రి."