మాట సర్దుకోవడానికి పట్టే సమయం

నాన్నకి పక్షవాతం వచ్చినప్పుడు నేను ఇంటర్ రెండో సంవత్సరంలో ఉన్నాను. తణుకులో మాకు బట్టల కొట్టు ఉండేది. ముందు కొట్టు, వెనక ఇల్లు. పెళ్లిళ్ల రోజుల్లో నాన్న ఒకరికి జాకెట్ గుడ్డ చింపుతూ, ఇంకొకరికి చీర రంగు గురించి చెబుతూ, గుమ్మంలో చెప్పులు విప్పుతున్నవాళ్లని "రండి, కూర్చోండి" అని పిలిచేవారు. ముగ్గురితో మూడు మాటలు. ఒక్కటీ తప్పేది కాదు.

ఎండాకాలంలో ఒక పొద్దున గడ్డం గీసుకుంటూ రేజరు జారవిడిచారు. రాజమండ్రి ఆస్పత్రిలో నెలరోజులున్నారు. తిరిగొచ్చేసరికి కుడికాలు కొంచెం ఈడ్చేవారు, అంతే. మాట స్పష్టంగానే ఉంది. చూడ్డానికొచ్చినవాళ్లంతా అదృష్టవంతులన్నారు. ఓ వారం మేమూ అలాగే అనుకున్నాం.

అమ్మ చెల్లెలు, మా పిన్ని, అప్పటికి ఐదేళ్లుగా మాతోనే ఉంటోంది. పెళ్లయిన రెండో ఏడు, గోడ వెనక ఎవరో తన గురించి మాట్లాడుకుంటున్నారని నిద్ర మానేసింది. విశాఖపట్నంలో చూపించారు. మాత్రలతో ఆ గొంతులు తగ్గాయిగానీ, అత్తవారు మళ్లీ తీసుకెళ్లలేదు. గొంతులు పోయినా ఆమెలో ఒక నిదానం మిగిలింది. ఏదైనా అడిగితే జవాబు చాలాసేపటికి వచ్చేది. "మా పిన్ని జవాబు పాసింజరు బండిలో వస్తుంది" అని నేను కాలేజీలో ఆమెలా తల పక్కకి వంచి, స్నేహితురాళ్లని నవ్వించేదాన్ని. ఇంట్లో ఎవరూ ఆమెని ఏ విషయంలోనూ సలహా అడిగేవాళ్లు కాదు.

వారం గడిచాక ఓ మధ్యాహ్నం నాన్న భోజనానికి కూర్చున్నారు. రేడియోలో వార్తలు వస్తున్నాయి.

"పప్పు వెయ్యనా, పులుసు పొయ్యనా? ఇంతకీ మాత్ర వేసుకున్నారా?" అంది అమ్మ.

నాన్న ఆమె మొహంలోకి చూస్తూ ఉండిపోయారు. వినపడలేదనుకుని అమ్మ గొంతు పెంచి మళ్లీ మూడూ అడిగింది. ఆయన కంచం పక్కకి నెట్టి లేచిపోయారు. అమ్మ కళ్లు తుడుచుకుంటూ నాతో, "చెవులు కూడా పోయాయే" అంది.

వంటింటి గుమ్మంలో నిలబడ్డ పిన్ని, "బావగారికి వినపడుతోందక్కా" అంది. "నువ్వు రెండోది అడిగేసరికి ఆయన ఇంకా మొదటిదాని దగ్గరే ఉన్నారు."

"నీకెలా తెలుసు?"

పిన్ని కాసేపు ఆగింది. "నాకూ అంతే కదా. మాట లోపలికొస్తుంది. దాన్ని సర్దుకునేలోగా ఇంకోటొచ్చి మీద పడుతుంది. అప్పుడు రెండూ పోతాయి."

ఐదేళ్లలో ఆమెని ఆ సంగతి మేమెవరం అడగలేదు. నేను ఆమె వైపు చూడలేకపోయాను.

పిన్ని వెళ్లి రేడియో కట్టేసింది. వరండాలో నాన్న ఎదురుగా కూర్చుని, "బావగారూ, పులుసు పొయ్యమంటారా?" అని ఒక్కటే అడిగి ఊరుకుంది. అమ్మ మళ్లీ ఏదో అనబోతే చేత్తో వారించింది. నాన్న కొంతసేపటికి, "పొయ్యమను" అన్నారు.

తర్వాతి నెల రాజమండ్రి డాక్టరుగారికి అమ్మ ఈ సంగతి చెప్పింది. ఆయన పిన్ని గురించి కూడా వివరంగా అడిగి, "జబ్బులు వేరమ్మా. ఆయనకి మెదడులో రక్తనాళం మూసుకుపోయింది, ఆవిడది మనసు జబ్బు. కానీ విన్నదాన్ని అందుకోవడానికి ఇద్దరికీ టైం పడుతుంది. అది తెలివితక్కువతనం కాదు. మీరు చేస్తున్నదే చెయ్యండి" అన్నారు.

రద్దీ లేని వేళ చూసి నాన్న మళ్లీ కొట్లో కూర్చోవడం మొదలుపెట్టారు. పక్కన పిన్ని. ఒకరోజు ముగ్గురు ఆడవాళ్లు ఒకేసారి వచ్చి, ఒకరు లంగా గుడ్డ, ఒకరు తువ్వాళ్లు, ఒకరు చీరలు చూపించమన్నారు. నాన్న చేతిలో కత్తెర అలాగే ఉండిపోయింది. లేచి లోపలికి రాబోయారు.

పరాయివాళ్ల ముందు ఎప్పుడూ నోరు విప్పని పిన్ని లేచి నిలబడింది. "ఒక్కొక్కరే అడగండమ్మా. మా బావగారు అన్నీ చూపిస్తారు." ఆ ముగ్గురూ మొహాలు చూసుకున్నారు. తర్వాత వాళ్లలో పెద్దావిడ, "ముందు ఆ అమ్మాయికి చూపించండి బాబూ" అని బెంచీ మీద కూర్చుంది. నాన్న లంగా గుడ్డ తాను దించి పరిచారు.

ఆరేళ్లు ఆయన అలా మధ్యాహ్నాలు కూర్చున్నారు. పాత జోరు ఎప్పటికీ రాలేదు. అది తెలిసి కొన్నాళ్లు బాధపడ్డారు, తర్వాత ఆ మాటెత్తడం మానేశారు. మధ్యలో పిన్ని మాత్రలు ఆపేస్తే గొంతులు తిరిగొచ్చాయి. రెండు నెలలు విశాఖపట్నంలో ఉండి వచ్చి, మళ్లీ కొట్లో తన చోట కూర్చుంది. రెండోసారి పక్షవాతం వచ్చినప్పుడు నాన్న దక్కలేదు.

నాన్న కోసం ఆగడం అమ్మ తొందరగానే నేర్చుకుంది. చెల్లెలి కోసం ఆగడానికి మాత్రం ఆమెకి ఏళ్లు పట్టింది. నాన్న పోయిన కొన్నాళ్లకి ఓ సాయంత్రం, "కాఫీ తాగుతావా?" అని పిన్నిని అడిగి, గ్లాసు పట్టుకుని ఎదురుగా నిలబడింది. కదల్లేదు, మళ్లీ అడగలేదు.

చాలాసేపటికి పిన్ని వద్దంది.