గుమ్మి వెనక ఉందన్నాను

“సోమవారం క్లాసుల నీ ముచ్చటనే చెప్త అవ్వా. మా సారు ఖుష్ అయితడు.”

“చెప్పకు.”

“ఎందుకవ్వా? మంచి ముచ్చటనే కదా. దోస్తును ఇంట్ల దాచిపెట్టి సుత మా అవ్వ అబద్ధమాడలే అని చెప్త.”

“చెప్పకు అంటే చెప్పకు. ఇంటి ముచ్చట్లు బజార్ల పెడ్తరా?”

“గిది బజారా? ఎం.ఏ. క్లాసు. ఇన్నేండ్ల సంది చర్చిల చెప్పిన్రు, పెండ్లిళ్లల్ల చెప్పిన్రు, నువ్వు తల ఊపుకుంట కూసున్నవ్. ఇయ్యాల ఏమైంది?”

“ఇయ్యాల నువ్వు నన్ను తీస్కపోయి ఆ జర్మనీ పంతులు పక్కన నిలబెడ్తనంటున్నవ్. ఆయన పక్కన నిలవడేదాన్ని కాదు నేను.”

ఆ మాట నా నోట్లోంచే వచ్చింది. నలభై ఏళ్లకు పైగా గొంతు కింద పెట్టుకుని మోసిన బరువు అది. ఎప్పుడూ కదలనిది, బియ్యం చేట ముందు కూర్చుని ఉండగా, పొద్దు గూకక ముందే, మనవరాలి మీద కోపంలో కదిలింది. ఇక దాన్ని లోపలికి తోయడం నా వల్ల కాదు. అందుకే మీకు చెబుతున్నాను. మీరు నన్ను ఎరగరు. ఎరిగినవాళ్లకు చెప్పడం కంటే అది కొంత తేలిక.

నా పేరుతో మీకు పని లేదు. బోధన్ పక్కన చెరుకు ఊళ్లో కాపురం చేసినదాన్ని. ఇప్పుడు నిజామాబాద్‌లో కొడుకు ఇంట్లో ఉంటున్నాను. మూడో తరగతిలో బడి మాన్పించారు. రోజూ బైబిలు చదువుతూ ఆ నాలుగు అక్షరాలు పోకుండా కాపాడుకున్నాను. ఇంట్లో మనిషి లేని గదిలో ఫ్యాను తిరిగితే ఊరుకోను. అబద్ధం వింటే అసలే ఊరుకోను. గల్లీలో ఇద్దరు కొట్లాడుకుంటే, ఆమె చెప్తే అయిపోయినట్టే అని నా గడప ముందుకు వస్తారు. ఇది గొప్పకు చెప్పడం లేదు. ఆ పేరు ఎక్కడి నుంచి వచ్చిందో చెప్పాలి కాబట్టి చెబుతున్నాను.

మనవరాలు ఎస్తేరు తత్వశాస్త్రం చదువుతోంది. గట్టిగా చదివితేనే దానికి తలకెక్కుతుంది. కాబట్టి రెండేళ్లుగా ఆ పడమటి దేశాల పెద్దమనుషులంతా మా ఇంటి నడిమి గదిలోనే ఉన్నారు. ఎదురొచ్చిన ప్రతివాణ్నీ ప్రశ్న మీద ప్రశ్న అడిగి, నీకు తెలుసు అనుకున్నది నీకు తెలియదని చూపించినాయన, సోక్రటీస్. చివరికి పారిపోయే దారి ఉండి కూడా విషం తాగాడు. డయోజనీసు అని ఇంకొకాయన పెద్ద కాగులో కాపురం ఉన్నాడట. ఎవరో దోసిట్లో నీళ్లు తాగుతుంటే చూసి, ఇన్నాళ్లూ ఈ గిన్నె ఎందుకు మోశాను అని తన గిన్నె పారేశాడట. ఆయన నాకు నచ్చాడు. పారేయకుండా ఎవరికైనా ఇచ్చి ఉంటే ఇంకా నచ్చేవాడు.

అందరికంటే ఎక్కువ నచ్చింది జర్మనీ పంతులు. ఆయన పేరు నా నాలుకకు తిరగదు. పుట్టిన ఊరి చుట్టుపక్కల దాటి పోలేదట. సాయంత్రం నడకకు బయల్దేరితే ఆయన్ని చూసి జనం గడియారాలు సరి చేసుకునేవారట. నువ్వు చేసే పని లోకమంతా చేస్తే లోకం నిలుస్తుందా అని అడుగు, నిలవకపోతే చేయకు, అంటాడు. అందరూ అబద్ధం ఆడితే ఇక మాటకు విలువేది? కాబట్టి ఎవరికీ అబద్ధం చెప్పొద్దు. చంపడానికి వచ్చినవాడు నీ తలుపు కొట్టి, నీ దోస్తు లోపల ఉన్నాడా అని అడిగినా సరే.

ఇది విని ఎస్తేరు ఎగిరి గంతేసింది. అచ్చం మా అవ్వ ముచ్చటే అంది.

మా ఇంట్లో అందరూ చెప్పుకునే ఆ ముచ్చట ఇది. సుగుణ మా వెనకింటి పిల్ల. నాకంటే చిన్నది, నన్ను అక్కా అని పిలిచేది. నర్సు ట్రైనింగులో సీటు వచ్చింది. వాళ్ల అన్నకు ఇష్టం లేదు. మహారాష్ట్ర వైపు ఒక భార్య చనిపోయినవాడికి ఇచ్చి చేస్తానని మాట ఇచ్చి వచ్చాడు. తెల్లారి మొదటి బస్సుకు నిజామాబాద్ పోతానని, అందాకా దాచమని, సుగుణ బట్టల సంచితో మా ఇంటికి వచ్చింది. మా ధాన్యం గుమ్మి వెనక కూర్చోబెట్టాను. అన్నం పెట్టాను. వాళ్ల అన్న వచ్చి అడిగితే నేను అబద్ధం ఆడలేకపోయాను. ఆయన తీసుకుపోయాడు. అదీ కథ. చర్చిలో ఒకసారి ప్రసంగంలో కూడా చెప్పారు. నేను ముందు వరసలో చాప మీద కూర్చుని విన్నాను.

కథలో ఒక్క మాట కూడా తప్పు లేదు. ఆ సంగతి మీరు గుర్తు పెట్టుకోండి. నేను గుర్తు పెట్టుకునే ఇన్నేళ్లు బతికాను.

కథలో లేనిది ఏమిటంటే, సుగుణ వాళ్ల అన్న చెరుకు నరికే ముఠాకు మేస్త్రి. ఎవరి చేను ముందు, ఎవరిది వెనక అనేది ఆయన చేతిలో పని. మాకు ఎకరం చెరుకు ఉండేది. మా వంతు జరుగుతూ జరుగుతూ పోయి, ఎండలు ముదిరి, చెరుకు పూత పెట్టి, లోపల బెండు పడుతోంది. నిలిచిన కొద్దీ తూకం పోతుంది. నేను రోజూ గట్టు మీద నిలబడి దాన్ని చూసేదాన్ని.

ఆయన వచ్చి గడప అవతలే నిలబడ్డాడు. మర్యాదస్తుడు.

“అక్కా, మీ చెరుకు ఇంకా నిలవడే ఉన్నట్టుందే,” అన్నాడు ముందు.

“ఉన్నది తమ్మీ. ఎండుతున్నది.”

“సూస్త. సరే, మా సుగుణ ఇటొచ్చిందా? నువ్వు అబద్ధమాడవు, అందుకే నిన్నడుగుతున్న.”

“వచ్చింది. గుమ్మి ఎనుక ఉన్నది.”

బెదిరించలేదు. బేరం పెట్టలేదు. చెరుకు మాట ఆయన ఊరికే అన్నాడేమో కూడా. లెక్క వేసింది నేను. ఆ రెండు మాటల మధ్య, రెప్ప వేసేంత సేపట్లో, నా కళ్లకు సుగుణ కనబడలేదు, దేవుడు కనబడలేదు, పూత పెట్టిన చెరుకు కనబడింది. ఆయన అడిగింది వచ్చిందా అని. ఎక్కడ ఉంది అని అడగలేదు. గుమ్మి మాట ఎవరు అడిగారు? అడగనిది ఎందుకు ఇచ్చాను? ఒక అగ్గిపుల్ల కూడా ఊరికే ఇవ్వనిదాన్ని.

సుగుణ అరవలేదు. సంచి పట్టుకుని నా పక్క నుంచి పోయింది. మర్నాడు వంతు కాకపోయినా ముఠా మా చేనులో దిగింది.

ఆ తరవాత నాకు నిజం చెప్పే మనిషి అని పేరు వచ్చింది. ఆ పేరును నిలబెట్టడానికి నిజంగానే ఎన్నడూ అబద్ధం ఆడలేదు. అలెగ్జాండరుకు చదువు చెప్పిన పంతులు, మంచి పనులు చేస్తూ చేస్తూ ఉంటేనే మనిషి మంచివాడవుతాడు అన్నాడని ఎస్తేరు చదివిన రోజు నాకు కొంచెం ప్రాణం లేచి వచ్చింది. అయితే నేను మంచిదాన్ని అయ్యానా? మొదటి అడుగు బురదలో పడినా, తరవాతి నడకంతా తిన్నగా ఉంటే చాలునా? ఇంగ్లాండులో ఇంకొకాయన, ఎక్కువమందికి ఎక్కువ సుఖం ఏ పనిలో ఉంటే అదే సరైన పని అన్నాడట. ఆ లెక్క కూడా వేసుకున్నాను. మా ఇంట్లో ఐదు పొట్టలు, అటు సుగుణ ఒక్కతే. గెలిచాను అనుకున్నాను. బియ్యం కడుగుతుంటే తట్టింది, సుగుణ నర్సు అయి ఉంటే ఎందరికి సూది వేసేదో, ఎందరి కాన్పులు చూసేదో వాళ్లను నేను లెక్కలో కలపలేదని. నా వైపువాళ్లనే ఎంచి, ఎదుటి వైపు ఒక్కటే అన్నాను.

ఎన్నో ఏళ్ల తరవాత, భర్త పోయాక, సుగుణ తిరిగి వచ్చింది. బోధన్‌లో ఒక గదిలో ఉంటూ జాకెట్లకు హుక్కులు, చీరలకు ఫాల్ కుడుతుంది. తిరిగి వచ్చిన కొత్తలో చర్చి మెట్ల మీద నా రెండు చేతులూ పట్టుకుని, “నువ్వేం చేస్తవక్కా, నీకు అబద్ధం రాదాయె. ఎరుక ఉండి సుత నీ ఇంటికే వచ్చిన సూడు, తప్పు నాది,” అంది. నా తప్పును ఆమె నెత్తిన పెట్టుకుని మెట్లు దిగిపోతుంటే చూస్తూ నిలబడ్డాను. గుమ్మి మాట కంటే ఇదే పెద్దది. ఆ రోజు చెరుకు ఉంది. ఈ మెట్ల మీద ఏముంది? పేరు ఒక్కటే.

ఇక మొన్న సాయంత్రం సంగతి. ఎస్తేరు నా కథ జర్మనీ పంతులుకు జోడించి, పేజీ తిప్పి, ఆయనదే ఇంకో ముక్క చదివింది. ఒక దుకాణందారు చిన్నపిల్లలకు కూడా సరిగ్గా తూచి ఇస్తాడు. ఎందుకు? గిరాకీ పోకూడదని. తూకం సరైనదే, కానీ అందులో ఆయన మంచితనం ఏమీ లేదు, అంటాడు పంతులు. పనిని కాదు, ఎందుకు చేశావో దాన్ని చూడాలంటాడు. నా చేతిలో చేట ఆగిపోయింది. అదే సమయానికి ఎస్తేరు, సోమవారం నీ ముచ్చట చెప్తానంది. అక్కడ మొదలైంది మా కొట్లాట.

ఆయన పక్కన నిలబడేదాన్ని కాదు అన్నాక చెప్పేశాను. చెరుకు సంగతి, గుమ్మి సంగతి. ఎస్తేరు పుస్తకం మూసింది.

“సుగుణవ్వకు ఎరుకేనా?” అంది.

“తెల్వదు.”

“మరి నాకెందుకు చెప్తున్నవ్?”

గడుసు పిల్ల. సోక్రటీస్ కూడా ఇంతకంటే బాగా అడిగి ఉండడు. చేట తీసుకుని లోపలికి పోయాను.

మర్నాడు పొద్దున్నే బోధన్ బస్సు ఎక్కాను. ఆడవాళ్లకు ఇప్పుడు టికెట్ పైసలు లేవు, ఖర్చు అనే సాకు కూడా పోయింది. సుగుణ గుమ్మంలో వెలుతురుకు కూర్చుని హుక్కులు కుడుతోంది. నేను కూర్చోకుండానే మొత్తం చెప్పాను. క్షమించమని అడగలేదు. ఆమె ఒకసారి ఇచ్చింది, అది తీసుకున్నదే తప్పు. మళ్లీ ఏ ముఖంతో అడుగుతాను?

సుగుణ సూది ఆపింది.

“ఎంతొచ్చింది గా చెరుకు?” అంది.

నాకు గుర్తు లేదని చెప్పవచ్చు. ముసలిదాన్ని, నమ్మేది.

“రెండు లారీలు,” అన్నాను.

ఆమె తల ఊపి, జాకెట్ తిరగేసి, తరవాతి హుక్కు తీసుకుంది. కూర్చో అనలేదు. పో అనలేదు. నేను పోతున్న అని చెప్పి, బస్టాండుకు నడిచాను.