సిద్దమ్మ సంచిలో దొరికిన జడ

నాదర్‌గుల్ రోడ్డు మీద ఒక ఫంక్షన్ హాల్లో పెండ్లి జరుగుతుండగా, అక్షింతలు వేయడానికి లేచిన భూలక్ష్మి స్టేజీ దాకా వెళ్ళింది కానీ ఆమె జడ వెళ్ళలేదు. అది కుర్చీ వెనక కమ్మీల సందులో ఇరుక్కుని, కొసకు కట్టిన మల్లెదండతో సహా అక్కడే వేలాడుతూ ఉండిపోయింది. వెనక వరుసలో లడ్డు తింటున్న సిద్దమ్మ అది చూసి, చెయ్యి కడుక్కోకుండానే వచ్చి ఆ కుర్చీలో కూర్చుంది. జడను మెల్లగా విడిపించి కొంగులో చుట్టుకుంది. స్టేజీ దిగుతున్న భూలక్ష్మి చెయ్యి పట్టుకుని, జర పనున్నదంటూ బాత్రూముల వైపు తీసుకుపోయింది. నాలుగు నిమిషాల తర్వాత ఇద్దరూ బయటికి వచ్చారు. భూలక్ష్మి జడ భూలక్ష్మికే ఉంది. ఆ సమయానికి అందరూ ఐస్‌క్రీమ్ దగ్గర ఉండడం ఆ కుటుంబం చేసుకున్న అదృష్టం.

ఈ సంగతి మూడో మనిషికి తెలియదు. తెలియనివ్వకపోవడం సిద్దమ్మ వృత్తిలో భాగం.

సిద్దమ్మది వెంట్రుకల బేరం. నెత్తిన స్టీలు గిన్నెల గంప, భుజాన గోనెసంచి. పొద్దున తొమ్మిది దాటాక, అంటే మగవాళ్ళు పనులకు పోయాక, ఇబ్రహీంపట్నం గల్లీల్లోకి వచ్చి "ఎంటికలకు గిన్నెలో" అని ఒక్క కేక వేసేది. తల దువ్వుకున్నప్పుడు ఊడిన వెంట్రుకలను వేలికి చుట్టి ఉండ చేసి, తలుపు వెనక కవరులో దాచిపెట్టుకున్న ఆడవాళ్ళు ఆ కేకకు గేటు తీసేవారు. కానీ గేటు దగ్గర ఇచ్చేవారు కాదు, లోపలికి పిలిచేవారు. తమ వెంట్రుకలు పరాయి చేతిలో పడితే ఎవరేం చేయిస్తారోనని ఇంట్లో పెద్దవాళ్ళకు భయం. ఆ భయం నిజమేమోనని చిన్నవాళ్ళకు అనుమానం. గిన్నె మీద ఆశ మాత్రం ఇద్దరికీ సమానమే. అందుకని కోడళ్ళు అత్తలకు తెలియకుండా, అత్తలు కోడళ్ళకు తెలియకుండా ఇచ్చేవారు. ఒకే ఇంట్లో వంటగదిలో కోడలి దగ్గర, పెరట్లో అత్త దగ్గర తీసుకుని, ఇద్దరికీ ఒకే రకం గిన్నె పడకుండా సిద్దమ్మ ఎన్నోసార్లు జాగ్రత్త పడింది.

ఎవరి వెంట్రుకలు ఎవరివో బయట అనకూడదు. మొగుడు పోయిన ఏడాది ఈ గంప ఎత్తుకున్నప్పటి నుంచీ, ఇరవై రెండేళ్ళుగా, ఆమె ఆ ఒక్క మాట మీదే నిలబడింది. కూతురు స్వప్నను నర్సు చదువు చదివించింది ఆ మాటతోనే. ఆమె కేక వేస్తే గేట్లు తెరుచుకోవాలి. తెరుచుకోని నాడు ఆమెకు బతుకు లేదు.

తెచ్చిన వాటిలో పొడుగు పోచలు ఏరి, అడిగిన వాళ్ళకు సవరాలు కూడా అల్లేది. అడిగేవాళ్ళు తక్కువ. వాళ్ళలో మొదటిది భూలక్ష్మి. పదిహేనేండ్ల కింద టైఫాయిడ్ వచ్చి జుట్టు పోయినప్పుడు ఆమె ఏడ్చింది సిద్దమ్మ ముందే. ఆమె భర్త హన్మంత్‌కు ఊర్లో పేరుంది, పొలాలు వెంచర్లకు పోయాక కట్టిన రెండంతస్తుల ఇల్లుంది, పెండ్లాం జడంటే గర్వమూ ఉంది. అది సవరమని ఆయనకు తెలియదని భూలక్ష్మి నమ్మకం. తెలుసని తెలియనివ్వకపోవడం హన్మంత్ మర్యాద.

రెండు నెలలకోసారి సిద్దమ్మ ఆ సవరాన్ని ఇంటికి తీసుకుపోయి, కుంకుడు రసంలో కడిగి, నూనె పెట్టి, పలచబడ్డ చోట పోచలు కలిపి, నాలుగు రోజులకు తెచ్చి ఇచ్చేది. ఆ నాలుగు రోజులూ భూలక్ష్మికి తలనొప్పి. నెత్తిమీద కొంగు కప్పుకుని గడప దాటేది కాదు.

ఆ ఎండాకాలం పిల్లల దొంగల వార్తలు వచ్చాయి. మొదట ఫోన్లలో వచ్చాయి. ఏ దేశానివో తెలియని ఫోటోలు, ఎవరో ఆడమనిషి ఏడుస్తూ మాట్లాడిన ఆడియో, కింద 'పది మందికి పంపండి' అనే ఆజ్ఞ. తర్వాత టీవీల్లో నలుగురు నాలుగు డబ్బాల్లో కూర్చుని అరిచారు. చౌరస్తాలో ఫోన్లు బాగుచేసే దుకాణం నడుపుతూ, దాంతోపాటే యూట్యూబ్ వార్తలు కూడా నడిపే తిరుమల్, 'మన ఇబ్రహీంపట్నంలో పిల్లల దొంగలు?' అని ఒక వీడియో పెట్టాడు. చివర్న ప్రశ్న గుర్తు ఉంటే కేసు ఉండదని అతనికి ఎవరో చెప్పారు. ఆ గుర్తు ఎంత చిన్నగా పెట్టవచ్చో అతనే కనిపెట్టాడు.

నిజానికి మండలంలో ఒక్క పిల్ల కూడా తప్పిపోలేదు. ముఠా ఇంకా పని మొదలుపెట్టలేదని, అందుకే మరింత జాగ్రత్తగా ఉండాలని జనం దానికి అర్థం చెప్పుకున్నారు.

నాలుగు రోజులు పోవద్దని స్వప్న తల్లిని బతిమాలింది. సంచి కనబడితే చాలు కొడుతున్నారని చెప్పింది. సిద్దమ్మ నవ్వింది.

"ఆ గల్లీల నన్నెరుగనోళ్ళు ఎవలే? వాళ్ళ నెత్తిల పేన్లు సుత నాకెరుకే."

నెల రోజులుగా పోగైన ఉండలు సంచిలో ఉండగానే, ఆ రోజు ఆమె మొదట వెళ్ళింది భూలక్ష్మి ఇంటికి. లోపలి గదిలో సవరం విప్పి, పాత పేపరులో చుట్టి, సంచిలో అడుగున పెట్టుకుంది. అలవాటు ప్రకారం భూలక్ష్మి మనుమరాలు, నాలుగేండ్ల నందినికి, ఒక బుడగ ఊది ఇచ్చింది. పిల్లలున్న ఇంట్లో బుడగ ఇవ్వడం ఆమె బేరానికి కొసరు. గేటు ముండ్లకు తగిలి ఆ బుడగ పగిలింది. భూలక్ష్మి లోపల అద్దం ముందు కొంగు సర్దుకుంటోంది. ఇంకో బుడగ కోసం నందిని చప్పుడు లేకుండా సిద్దమ్మ వెనకే నడిచింది. ఎనిమిది ఇండ్లు దాటాక సిద్దమ్మ వెనక్కి తిరిగి చూసి, అమ్మో అనుకుని, పిల్ల చెయ్యి పట్టుకుని భూలక్ష్మి ఇంటి వైపే బయలుదేరింది. బుడగ కావాలని పిల్ల ఏడుపు అందుకుంది.

అక్కడొక మేడ మీద అద్దెకుంటున్న మౌనిక అది చూసింది. ఆమెది ఆదిభట్లలో ఉద్యోగం. రోజూ కంపెనీ బస్సులో ఏడింటికే వెళ్ళిపోతుంది కనుక సిద్దమ్మ కేక ఆమె ఎన్నడూ వినలేదు. ఆ రోజు సెలవు. గోనెసంచి, ఏడుస్తున్న పిల్ల, పట్టుకున్న చెయ్యి. ఇద్దరూ ఏ వైపు నడుస్తున్నారో ఆమె చూడలేదు. కాలనీ గ్రూపులో ఫోటో పెట్టి, ఆ తర్వాత అరిచింది.

ఐదు నిమిషాల్లో నలభై మంది చేరారు. గంప పడింది. గిన్నెలు గల్లీ పొడవునా దొర్లాయి. ఎవరో సంచి గుంజి సిమెంటు రోడ్డు మీద కుమ్మరించారు. నల్లవి, తెల్లవి, గోరింటాకు పెట్టిన ఎర్రవి, ఉండలు ఉండలుగా వెంట్రుకలు కుప్పపడ్డాయి. వాటి మీద పాత పేపరు విప్పుకుని మూడడుగుల జడ జారింది.

ఆడపిల్లను చంపి జడ కోసిందని ఒకరన్నారు. ఎంతమందివో అని ఇంకొకరన్నారు. అప్పటికే వచ్చిన తిరుమల్ జడను ఒక చేత్తో ఎత్తిపట్టుకుని ఇంకో చేత్తో వీడియో తీశాడు.

ఈ వెంట్రుకలు ఎవరివో చెప్పమని అడిగారు. సిద్దమ్మ గేట్ల వైపు చూసింది. ఆ కుప్పలో ఏ ఉండ ఏ గేటుదో ఆమెకు రంగు చూస్తే తెలుసు. ఆ గేట్ల దగ్గర నిలబడ్డ ఆడవాళ్ళకూ తెలుసు. ఒకామె వెనక అత్త ఉంది, ఒకామె పక్కన మొగుడున్నాడు. ఒక్కో గేటు, చప్పుడు కాకుండా, మూతపడింది.

భూలక్ష్మి కొంగు నెత్తిమీదికి బిగించి పట్టుకుని వచ్చింది. నందిని ఉరికి ఆమె కాళ్ళకు చుట్టుకుంది. సిద్దమ్మకు ప్రాణం లేచి వచ్చింది.

"అక్కా, జర చెప్పక్కా."

అంతకంటే ఎక్కువ అనలేదు. ఈమె మీకు తెలుసా అని జనంలోంచి ఎవరో అడిగారు. తెలుసంటే ఎందుకు వచ్చిందో చెప్పాలి. ఎందుకు వచ్చిందో చెబితే తిరుమల్ చేతిలో వేలాడుతున్నదేమిటో చెప్పాలి. గొడవ విని వచ్చిన హన్మంత్ పక్కనే నిలబడి ఉన్నాడు. భూలక్ష్మి జడను చూసింది, తిరుమల్ ఫోన్‌ను చూసింది.

"గిన్నెలమ్మేటామె గావచ్చు. నాకేమెరుక."

పిల్లను ఎత్తుకుని ఇంటికి వెళ్ళిపోయింది. హన్మంత్ జడ వైపు ఒకసారి, పెండ్లాం వెళ్ళిన వైపు ఒకసారి చూసి, తన ఫోన్ తీసి అందులో ముఖ్యమైనదేదో ఉన్నట్టు చదవసాగాడు.

ఆ జడ ఈమెదే అన్న మాట సిద్దమ్మ నాలుక మీదే ఉంది. అంటే బతికిపోయేది. ఎందుకు అనలేదని తర్వాత స్వప్న ఎన్నోసార్లు అడిగింది. ఇరవై రెండేండ్లు మూసిన నోరు, అవసరం వచ్చిందని ఒక్కసారిగా తెరుచుకోదు.

గంపకు కట్టే తాడుతోనే ఆమెను నడుం దగ్గర కరెంటు స్తంభానికి కట్టారు. మొదటి దెబ్బ ఆమె గిన్నెతోనే పడింది. కనుబొమ్మ చీలింది. ముఖానికి అడ్డం పెట్టుకున్న కుడిచేతి వేళ్ళు రెండు విరిగాయి. పోచ మీద పోచ వేసి అల్లే వేళ్ళవి.

పోలీసు జీపు వచ్చింది. ఆ రోజు ఆమెను పేరు అడిగిన మొదటి మనిషి కానిస్టేబుల్ వీరస్వామి. దవాఖానలో కట్లు కట్టించాక అతను పంచనామా రాశాడు. 'వివిధ రంగుల వెంట్రుకల ఉండలు, సుమారు నాలుగు కిలోలు. మూడడుగుల నల్లని జడ ఒకటి, కొసకు ఎర్ర రిబ్బను.' ఈ వెంట్రుకలు ఎవరివని అతనూ అడిగాడు. అందరివి అంది సిద్దమ్మ. జడ ఎవరిదంటే, అది మాలు సార్ అంది. మాలుకు యజమాని లేకపోతే ల్యాబ్‌కు పంపాలని, రిపోర్టు వచ్చేదాకా సంచి స్టేషన్లోనే ఉంటుందని అతను కొంచెం బాధగానే చెప్పాడు. కొట్టినవాళ్ళ మీద కూడా కేసు రాశారు. 'గుర్తు తెలియని వ్యక్తులు' అని రాశారు. అందులో సగంమంది ఇండ్లలో ఎవరి నెత్తి ఎప్పుడు నెరిసిందో కూడా సిద్దమ్మకు తెలుసు.

తర్వాత ప్రభుత్వం కదిలింది. వదంతులు నమ్మవద్దని ఆటోకు మైకు కట్టి తిప్పారు. తిరుమల్‌ను పిలిచి మందలించారు. అతను బుద్ధిగా ఇంకో వీడియో చేశాడు, 'ఆమె పిల్లల దొంగ కాదా?' అని. వీధుల్లో తిరిగి అమ్మేవాళ్ళందరికీ కార్డులు ఇవ్వాలని పైనుంచి ఆదేశం వచ్చింది. సిద్దమ్మకు ఫోటోతో, ప్లాస్టిక్ కవరుతో కార్డు వచ్చింది, వృత్తి: వెంట్రుకల సేకరణ. ఆ కార్డు మెడలో వేసుకుని ఒకరోజు గల్లీలోకి వెళ్ళి కేక వేసింది. ఒక్క గేటూ తెరుచుకోలేదు. ఒక కిటికీ మాత్రం మూసుకుంది.

అన్నిటికంటే పెద్ద ఉపకారం బస్టాండు దగ్గర జరిగింది. అమాయకులను కొట్టవద్దని చెప్పడానికి అక్కడ పెద్ద ఫ్లెక్సీ కట్టారు. దాని మీద సిద్దమ్మ ఫోటో, తలకు కట్టుతో, తిరుమల్ రెండో వీడియోలోంచి తీసింది. కింద చిన్న అక్షరాలు. బస్సు దిగేవాళ్ళు ఫోటో చూస్తారు, అక్షరాలు చదవరు. ఒక తల్లి మారాం చేస్తున్న కొడుకుకు ఆ ఫోటో చూపించి, అన్నం తినకుంటే గామె సంచిల వేస్కపోతదని చెప్పడం సిద్దమ్మ స్వయంగా విన్నది. పిల్లవాడు ఫ్లెక్సీ మీది నుంచి చూపు దించి, పక్కనే నిలబడ్డ ఆమెను చూసి, ఏడుపు కూడా మరిచిపోయాడు.

ఆ తర్వాత ముఖానికి కొంగు అడ్డం పెట్టుకుని నిలబడడం నేర్చుకుంది. రోజూ అక్కడే నిలబడాలి మరి, ఆదిభట్ల బస్సు ఆగేది ఆ ఫ్లెక్సీ కిందే. ఆదిభట్లలో ఒక హాస్టల్లో గిన్నెలు తోమే పని దొరికింది. రెండు వేళ్ళు వంగకపోయినా పీచు పట్టుకోవచ్చు. గిన్నెలతోనే కదమ్మా నీ బతుకు, అని స్వప్న నవ్వించబోయి తనే ఏడ్చింది.

మూడు నెలలు దాటాక, ఒక పొద్దున, షేర్ ఆటో దిగిన ఒకామె నేరుగా ఆమె దగ్గరికి వచ్చింది. నెత్తిమీద కొంగు చెవుల దాకా లాక్కుని ఉంది. ఫ్లెక్సీ కింద ఇద్దరు ఆడవాళ్ళు, ఇద్దరూ కొంగు చాటున. సిద్దమ్మకు ఆమెను పోల్చుకోవడానికి కొంచెంసేపు పట్టింది.

భూలక్ష్మి అటూ ఇటూ చూసి గొంతు తగ్గించింది. చేతివేళ్ళు ఎట్లున్నాయని అడగలేదు. మహేశ్వరంలో ఆడబిడ్డ ఇంట్లో పెండ్లి ఉందని, ఇంకా ఆరు రోజులే ఉందని, ఈ మూడు నెలల్లో ఒక్క పేరంటానికి కూడా పోలేదని, తలనొప్పి తలనొప్పి అంటే పెద్ద దవాఖానలో స్కానింగ్ తీయిద్దామని హన్మంత్ అంటున్నాడని గబగబా చెప్పుకుపోయింది. చెప్పేకొద్దీ ఆమెకు తన బాధ మీద తనకే జాలి కలిగింది. ఆ జాలిలోంచి కోపం వచ్చింది.

"నాలుగు దినాలల్ల తెస్తనంటివి గద సిద్దమ్మా. ఎన్నేండ్ల నుంచి నిన్ను నమ్ముకుంటి. నా సవరం పట్కపోయి ఒక మాట లేదు, మర్యాద లేదు. గిట్లనేనా చేసేది?"

ఆదిభట్ల బస్సు వచ్చి ఆగింది. సిద్దమ్మ మెట్టు మీద ఒక కాలు పెట్టి, ముఖం మీది కొంగు తీసింది.

"అది స్టేషన్ల పదిలంగనే ఉన్నదక్కా, నాదేనని చెప్పి తెచ్చుకో."