జడల పిల్లగాని బొమ్మ

నిర్మల్‌లో మా వాడ పిల్లలకు అక్షరాల కంటే ముందు చింతగింజల జిగురు వాసన తెలుస్తుంది. గింజలు వేయించి, పొట్టు తీసి, నానబెట్టి, నూరి ఉడికిస్తే వచ్చే వాసన అది. బాగుండదు. బొమ్మల గురించి వ్యాసాలు రాసేవాళ్లు అది కమ్మగా ఉంటుందని రాస్తారు. ఒక్క పూట ఆ కుండ పక్కన కూర్చుంటే అలా రాయరు. ఆ జిగురులో చెక్కపొట్టు కలిపి బొమ్మకు చేతులూ కాళ్లూ అతికిస్తారు. ఆరాక ఆకురాయితో రుద్ది, తెల్లమట్టి పూసి, ఆపైన రంగులు వేస్తారు. మా ఇంట్లో చెక్కేదీ మొకం దిద్దేదీ బాపు, అంటే నాన్న. అతికించేది అవ్వ, అమ్మను మేం అలాగే పిలుస్తాం. రుద్దడం, మట్టి పూయడం నా పని.

చెక్క పొణికి చెక్క. కొండపల్లి వాళ్లు వాడేదీ అదే. చేతిలో పట్టుకుంటే ఏమీ పట్టుకోనట్టు ఉంటుంది. ఎవరైనా చెక్కుతారు దాన్ని, కత్తిపీటకు సొరకాయ తెగినట్టు తెగుతుంది. అసలు సంగతి మొకంలో ఉంది. మా వాడలో ఒక్కో ఇంటికి ఒక్కో మొకం. మా ఇంటి మొకం మా తాతది, అంటే ఆయన దిద్దినది. బాపు దాన్నే దిద్దేవాడు. ముందు కనుబొమ్మలు, తర్వాత కంటి గీత, ముక్కు, నోరు, అన్నిటికీ చివర నల్లగుడ్డు. పక్కింటాయనతో వానల గురించి మాట్లాడుతూనే దిద్దేసేవాడు. పాలమ్మే ఆమెకూ, పాములాడించే అతనికీ, పెండ్లిపిల్లకూ, పోలీసుకూ అదే మొకం. మీసం పెడితే మగవాడు, ముక్కుపుల్ల పెడితే ఆడది. సంతలో దూరం నుంచి చూసి, ఇది మీ ఇంటి మొకమే కదా అని అడిగేవారు. బాపుకు అంతకంటే పెద్ద మెప్పు అక్కర్లేదు.

నాకు తమ్ముడు ఒకడుండేవాడు. నాకూ వాడికీ మధ్య పుట్టిన ఇద్దరు దక్కలేదు. అందుకని వీడు కడుపులో ఉండగానే అవ్వ వేములవాడ రాజన్నకు మొక్కుకుంది. దక్కితే పుట్టెంట్రుకలు అక్కడే ఇస్తానని. వాడు దక్కాడు. మొక్కు మాత్రం వాయిదా పడుతూ వచ్చింది. ఒక ఏడు దాయాదుల ఇంట్లో మైల, ఒక ఏడు బాపుకు కాలు విరిగింది, ఒక ఏడు చేతినిండా పని. మొక్కు తీరేదాకా జుట్టుకు కత్తెర తగలకూడదు. ఏడేళ్లొచ్చేసరికి వాడికి నడుం దాకా జుట్టు. బడికి రెండు జడలతో పోయేవాడు. అక్కడ వెక్కిరించేవాళ్లు ఎవరూ లేరు, వాడిలాంటి వాళ్లు తరగతిలో ఇంకా ఇద్దరు ముగ్గురు ఉండేవారు.

ఒకసారి మా చిన్నమ్మ పెండ్లికి ఫోటో తీసే ఆయన వచ్చాడు. అవ్వ తమ్ముణ్ణి చెయ్యి పట్టి పక్కకు లాగింది.

"వీనికి ఇప్పుడే ఫోటో వద్దు. జడలతోటి ఆడపిల్ల తీర్గ ఉన్నడు. రాజన్న కాడ గుండు గీయించినంక మంచిగ దింపిద్దాం," అంది.

పుట్టెంట్రుకలతో ఫోటో దిగితే దిష్టి అని కూడా ఆమెకు ఉండేది. అందువల్ల వాడి ఫోటో ఒక్కటీ లేదు.

ఎనభైల మొదట్లో ఒక వానాకాలం వాడికి జ్వరం వచ్చింది. పొద్దున గోళీలాడుకున్న పిల్లవాడికి సాయంత్రానికి ఫిట్స్ వచ్చాయి. జ్వరం మెదడుకెక్కిందన్నారు. ఆదిలాబాద్ తీసుకుపోయారు. తిరిగి తీసుకొచ్చేటప్పటికి వాడు లేడు. పూడ్చే ముందు వాడలో పెద్దాయన ఒకరు జుట్టు తీసేద్దామా అని అడిగితే, అది రాజన్నది, మనది కాదు అంది అవ్వ. జడలతోనే పూడ్చారు.

నాకు ఏడుపు రాలేదు. వచ్చిన ఆడవాళ్లంతా నన్ను పట్టుకుని ఏడ్చి, నేను ఏడవకపోతే కొంచెం నొచ్చుకుని వెళ్లారు. లోపల మొద్దుబారిపోయింది. దాన్ని దుఃఖమని అనుకోవడానికి కూడా ఓపిక లేదు. ఎడ్లను పూజించే పొలాల పండుగ దగ్గరపడుతోంది, పిల్లలకు చెక్క ఎడ్లు కావాలని పల్లెల నుంచి జనం వస్తున్నారు. నేను ఎడ్లు రుద్దాను. అవ్వ వాటికి కాళ్లు అతికించింది. బాపు కండ్లు దిద్దాడు. ముగ్గురం ఒకే చోట కూర్చుని పొద్దంతా పని చేసేవాళ్లం. చూసినవాళ్లు తట్టుకున్నారు పాపం అనేవారు. తట్టుకోవడం కాదు అది. చేతులకు పని ఉంది, చేస్తున్నాయి, అంతే.

పండుగ పోయి, బతుకమ్మ కూడా పోయాక, ఒక మధ్యాహ్నం అవ్వ జిగురు కలుపుతూ కలుపుతూ ఆగింది.

"వాని మొకం నాకు పోతుందయ్యా," అంది బాపుతో.

"ఏడికి పోతది?" అన్నాడు బాపు తలెత్తకుండా.

"మొన్నటిదాంక కండ్లు మూసుకుంటె వచ్చేది. ఇప్పుడు వస్తలేదు. ముక్కు వస్తే కండ్లు వస్తలేవు. ఇన్ని మొకాలు దిద్దినవ్ గదా, వాని మొకం చెయ్యి. జర తొందరగ చెయ్యి. అంత పోయినంక నువ్వు చేసినా, గది వాడేనా కాదా అని నాకెట్ల తెలుస్తది?"

మర్నాడు బాపు ఇంట్లో ఉన్నవాటిలో మంచి చెక్క తీశాడు. ఒళ్లు సులువుగానే వచ్చింది. లాగూ, చేతులు పొడుగైన అంగీ, ముందుకు వేసుకున్న రెండు జడలు. నేను మట్టి పూశాను. ఆరాక బాపు కుంచె తీసుకుని కూర్చున్నాడు. అవ్వ చేతులు కడుక్కుని వచ్చి ఎదురుగా కూర్చుంది. ఇంతలోనే అయిపోయింది. అవ్వ బొమ్మను చేతిలోకి తీసుకుని చూసి కింద పెట్టింది.

"ఇది పాలామె," అంది.

నిజమే. ముక్కుపుల్ల లేని పాలామె. బాపు దాని మీద తెల్లమట్టి పూసి ఆరబెట్టాడు. మళ్లీ దిద్దాడు. మళ్లీ పాలామే. ఈసారి నోటితో మొదలుపెట్టి కనుబొమ్మలు చివర గీశాడు. ఎడమచేత్తో కూడా గీసి చూశాడు. వంకరగా వచ్చింది గానీ అదే మొకం వంకరగా వచ్చింది. సాయంత్రం పసరం ఎటు తోలినా ఇంటి దారే పట్టినట్టు ఆ చెయ్యి తాత దిద్దిన మొకం దగ్గరికే పోయేది. మట్టి మీద మట్టి పడి బొమ్మ మొకం ఉబ్బిపోయింది. దాన్ని ఉలితో చెక్కేసి మళ్లీ మొదలుపెట్టేవాడు. ఊళ్లో అందరికంటే బాగా మొకం దిద్దుతాడని పేరున్న మనిషి కొడుకు మొకం దిద్దలేకపోయాడు. అది చూస్తుంటే నాకు జాలి కలగాలి. విసుగు కలిగింది.

"నా చెయ్యి నా మాట ఇంటలేదే," అన్నాడొక రోజు అవ్వతో.

"నువ్వు చెప్పుడు తప్పున్నదేమో. వాని ఎడమ కన్ను జర చిన్నగుంటది. గది చెప్పు చేతికి."

"కుడిది."

"ఎడమది. కన్నదాన్ని నాకు తెల్వదా? చెవులు గూడ గట్ల పెట్టినవ్, వానికి గంత పెద్ద చెవులు లేవు."

"నా చెవులే వానివి. నా అయ్యవి గూడ గివే."

చచ్చిపోయిన పిల్లవాడి చెవుల మీద మొగుడూ పెళ్లాం పంచాయితీ పెట్టుకున్నారు. గొంతులు పెరిగాయి. పక్కింటి వాళ్లు గుమ్మంలోకి వచ్చి చూశారు. నాకు పట్టరాని కోపం వచ్చింది. అన్ని నెలల తర్వాత నాకు గట్టిగా కలిగిన మొదటి భావం అదే, ఆ కోపం. అప్పుడు అవ్వ నా వైపు తిరిగింది.

"నువ్వు చెప్పు బిడ్డా. పొద్దుగాల నీ కాడనే కూసునేటోడు గదా. ఏ కన్ను చిన్నది?"

నేను కండ్లు మూసుకున్నాను. వాడు వచ్చాడు, కానీ వాడి వీపు నా వైపుంది. అవ్వ జిగురు పనిలో ఉండేది కాబట్టి రోజూ బడికి ముందు వాడికి జడలు వేసేది నేనే. నేను అరుగు మీద, వాడు కింది మెట్టు మీద. వాడు తల అటూ ఇటూ తిప్పుతుంటే మొట్టికాయ వేసి నిలబెట్టేదాన్ని. చివరిసారి, వాణ్ణి పూడ్చడానికి తీసుకుపోయే ముందు, ఒకరు లేపి పట్టుకుంటే నేను వెనక కూర్చుని వేశాను. ఎంత గుర్తు చేసుకున్నా వాడు ఇటు తిరగలేదు.

"మొకం నాకు యాదికి లేదవ్వా," అన్నాను. "ఎనకపక్క ఉన్నది."

నేను చెప్పుకుంటూ పోయాను. వాడికి రెండు సుడులు. వాటి వల్ల పాపిడి ఎప్పుడూ తిన్నగా రాదు, ఎడమ జడ సన్నగా ఉంటుంది. కుడి చెవి వెనక మినపగింజంత పుట్టుమచ్చ. మెడ మీద చిన్న జుట్టు జడకు అందకుండా పైకి లేస్తుంది, నూనె పెట్టినా పడుకోదు.

బాపు బొమ్మను చేతిలో మెల్లగా అటు తిప్పాడు. మా ఇళ్లల్లో బొమ్మ వెనకభాగం ఎవరూ చెక్కరు. గూట్లో గోడకు ఆనించే దానికి వెనక ఎందుకని ఒక పూత పూసి వదిలేస్తాం. కాబట్టి అక్కడ ఎలా చెయ్యాలో తాత బాపుకు ఏమీ నేర్పలేదు. బాపు చిన్న ఉలి తీసుకున్నాడు.

"చెప్పు. సుడి ఏడ?"

"ఇంక కిందికి. జర ఎడమకు."

"జడ ఏడికెల్లి మొదలువెడుదువు?"

చూపించాను. ముందున్న జడలను తీసేసి, వెనక కొత్తవి చెక్కి అతికించాడు. నెమ్మదిగా చేశాడు, ఎవరితోనూ మాట్లాడకుండా. అంత నెమ్మదిగా ఆయన పని చేయడం నేనెప్పుడూ చూడలేదు. కాసేపటికి అవ్వ దగ్గరికి జరిగింది.

"మెడ మీద గుంట ఇంక లోతుకుంటది," అంది. "గది నాకు తెలుసు. నేను ముద్దు వెట్టేది గాడనే."

రంగులు నేనే వేశాను. పుట్టుమచ్చ పెట్టి, లేచిన చిన్న వెంట్రుకలు ఉడత తోక కుంచెతో గీసి, ఆరబెట్టాం. అవ్వ దాన్ని వెనక వైపు నుంచి పట్టుకుని చాలాసేపు చూసింది. బొటనవేలితో మెడ మీద రాసింది. ఏడుస్తుందనుకున్నాను. ఏడవలేదు.

"వాడే," అంది.

"మొకం?" అన్నాడు బాపు. ముందువైపు చివరిసారి పూసిన తెల్లమట్టి అలాగే ఉంది.

"ఉండనియ్యి."

దాన్ని తీసుకుపోయి గూట్లో పెట్టింది, మొకం గోడ వైపుగా. మా ఇంటికి బొమ్మలు కొనడానికి వచ్చినవాళ్లు పొరపాటున అటు తిరిగిందనుకుని ఇటు తిప్పేవారు. తెల్లగా, కండ్లూ నోరూ లేని మొకం చూసి ఉలిక్కిపడి, పని మిగిలిపోయిందే అనేవారు. వాళ్లు పోయాక అవ్వ మళ్లీ గోడ వైపుకు తిప్పేది. బాపు మళ్లీ పాలామెలను దిద్దుకున్నాడు. నాకు పెండ్లయి నస్పూర్ పోయాను. మా ఆయనకు బొగ్గు బావిలో పని. అక్కడ నన్ను బొమ్మలోళ్ల పిల్ల అనేవారు. అందులో వెటకారం ఎంత, ముద్దు ఎంత అని నేను తూచలేదు.

తొంభైలలో ఒకసారి మా బొమ్మలు తీసుకుని హైదరాబాద్‌లో జరిగిన ప్రదర్శనకు పోయాను. అప్పటికి బాపు లేడు, నస్పూర్‌లోనే బొమ్మలు చేస్తూ మొకాలు నేనే దిద్దేదాన్ని, అదే తాత మొకం. అక్కడ ఒక గదిలో వేరే దేశాల బొమ్మలు పెట్టారు. ఒక దేశానివాటికి కాళ్లూ చేతులూ లేవు, గుండ్రటి తల, మొద్దులాంటి ఒళ్లు. ఇంకో దేశానిది ఒకదాని కడుపులో ఒకటి పట్టేవి. ఒక మూల మక్కకంకి పొట్టుతో, అంటే మొక్కజొన్న పొత్తుల తొడుగుతో, చేసిన బొమ్మలున్నాయి. మా దగ్గర పసరాలకు వేసే పొట్టే. వాటికి మొకం లేదు. మొకం పెట్టకపోవడమే వాళ్ల ఆచారమట. నేను వాటి ముందు చాలాసేపు నిలబడ్డాను. ఏమైనా అనిపిస్తుందేమోనని చూశాను. కాళ్లు నొప్పి పుట్టాయి.

తిరిగి వచ్చేటప్పుడు నిర్మల్‌లో దిగి అవ్వకు ఆ సంగతి చెప్పాను. ఆమె అప్పటికి పని మానేసింది, చూపు తగ్గింది. బియ్యం ఏరుతూ విన్నది.

"గాళ్లకు గూడ ఎవలో యాదికి లేకపోయుంటరు," అంది.

గూట్లో బొమ్మ అలాగే ఉంది. జడల మీద రంగు అక్కడక్కడా లేచింది. నేను దాన్ని చేతిలోకి తీసుకుని ఇటు తిప్పాను.

"ఇప్పుడు నాకు దిద్దుడొస్తది గదా అవ్వా. ఏదో ఒక మొకం పెట్టనా? ఎంతకాలమని గోడకు ఉంచుతవ్?"

ఆమె చేటలోంచి చెయ్యి తీసి బొమ్మ కోసం చాపింది. ఇచ్చాను. వేళ్లతో మెడ తడిమి, ఏది వెనకో చూసుకుని, లేచి మళ్లీ గోడ వైపుగా పెట్టింది.

"వద్దు బిడ్డా," అంది. "గటు తిరిగి ఉంటె, పిలిస్తె ఇటు తిరుగుతడనిపిస్తది."

ఆ తర్వాత కూడా ఆమె చాలా ఏళ్లు బతికింది. వాణ్ణి పేరు పెట్టి పిలవగా నేనెప్పుడూ వినలేదు.