మిల్లు క్వార్టర్లలో మూడో తలుపు

సైన్యంలో నా ఆఖరి మూడేళ్లు యుద్ధ సిద్ధాంతాలు రాసే విభాగంలో గడిచాయి. లెఫ్టినెంట్ కల్నల్ హోదాలో నాకు అప్పగించిన పని, పట్టణాల్లో ఇల్లిల్లూ గాలించేటప్పుడు ప్రత్యేక దళాలు పాటించాల్సిన పద్ధతిని పుస్తకంగా తయారుచేయడం. సిద్ధాంతం అన్నది పెద్ద మాటే గాని, ఎవరు ముందు నడవాలి, ఎవరు ఏ మూల చూడాలి, ఎక్కడ ఆగాలి అన్నది అందరికీ ఒకేలా అర్థమయ్యేట్టు రాయడమే అది. ముసాయిదాను నిజమైన గోడల మధ్య పరీక్షించడానికి ఒక ఏప్రిల్‌లో రాయచూరు జిల్లా పోతనాళ దగ్గర మూతపడిన ఒక బియ్యం మిల్లునూ, దాని వెనక కూలీల గదుల వరసనూ ఎంపిక చేశారు. నేను రాయచూరులో పుట్టి పెరిగినవాణ్ని కాబట్టి ఏర్పాట్లూ నా మీదే పడ్డాయి.

కొందరు జవాన్లు శత్రువులుగా మిల్లులో దాక్కుంటారు. కెప్టెన్ రాథోడ్, అతని ఐదుగురు మనుషులు వాళ్లను పట్టుకోవాలి. చేతికి తెల్ల పట్టీ కట్టుకున్న ఇద్దరు అంపైర్లం, నేనూ మేజర్ సిన్హా, ఎవరు చనిపోయారో ప్రకటిస్తాం. చనిపోయినవాడు ఉన్నచోటే పడుకోవాలి, నోరు విప్పకూడదు. బ్రిగేడియర్ గారు పదకొండింటికి వస్తారు. ఆయన సరేనంటేనే ముసాయిదా పైకి వెళ్తుంది.

మొదటి రెండు గదులు సజావుగా ముగిశాయి. మూడో తలుపుకు లోపల గడియ పడి ఉంది. రాథోడ్ మనుషులు గడియ ఊడగొట్టే చిన్న పేలుడు పట్టీ అంటించి అంకెలు లెక్కపెట్టడం మొదలుపెట్టారు. అప్పుడు లోపలినుంచి ఓ ఆడ గొంతు వినిపించింది.

"లెవ్వకే తల్లీ. లేస్తే గుడ్లు సల్లగైతయి."

నేను విజిల్ ఊదాను. నిజమైన ప్రమాదం ఉంటే తప్ప అంపైరు అలా ఆపకూడదు. ఒక్క క్షణం ఆలస్యమైతే గడియ ఎగిరి ఆమె మీదే పడేది.

తలుపు తీసింది సత్తెమ్మ, ఒకప్పుడు మిల్లు ఊడ్చిన మనిషి. ఆ వరసలో ఉంటున్నది ఆమె ఒక్కతే. కూతురింటికి వెళ్తానని ముందురోజే ఒప్పుకుని, నా ఎదుటే వేలిముద్ర వేసింది.

"ఏంది సాబ్, పొద్దుగాల్నే గీ లొల్లి? కోడి పొదుగుతున్నది. ఇంక రెండు దినాలుంటే పిల్లలైతయి."

వెళ్తానని ఒప్పుకున్నావు కదా అన్నాను.

"నేను పోతనన్న. కోడి పోతనన్నదా?"

పేలుడు పట్టీ తీయించి విన్యాసం కొనసాగించమన్నాను. ఆమె రాథోడ్ వైపు తిరిగి ఉర్దూలో ఒకటే మాట మూడుసార్లు చెప్పింది: మీరు వెతికేవాళ్లు ధాన్యం గోదాంలో ఉన్నారు, పొద్దున నా దగ్గరే నీళ్లు తాగి వెళ్లారు. రాథోడ్ గోడ వైపే చూస్తూ నిలబడ్డాడు. సోదా సమయంలో నివాసితులతో మాట్లాడరాదని ముసాయిదాలో ఉంది. ఖాళీ అని తేలని గదిని వదిలి ముందుకు వెళ్లరాదనీ ఉంది. రెండూ నేను రాసినవే. అంపైరుగా నేను సైగ కూడా చేయకూడదు.

అందుకని దళం అరుగు మీదే ఉండిపోయింది. కోడి గంపలోంచి లేవలేదు, అది లేవందే సత్తెమ్మ కదలదు, గది ఖాళీ కాదు. సిన్హా గడియారం చూసుకుని, ఇంతసేపు ఒకేచోట నిలబడ్డవాళ్లను శత్రువు ఈపాటికి కాల్చేసి ఉంటాడని తేల్చి, ఆరుగురూ చనిపోయినట్టు ప్రకటించాడు. ఆరుగురూ వరసగా పడుకున్నారు.

సత్తెమ్మ గుండె బాదుకుంది. "అయ్యో, పోరగాళ్లకు ఎండదెబ్బ తగిలింది!" అంటూ తడిగుడ్డతో వాళ్ల ముఖాలు తుడిచి, మజ్జిగ పోసింది. మాకేం కాలేదని చెప్పడానికి చనిపోయినవాళ్లకు అనుమతి లేదు, తాగారు. ఎంతకీ ఎవరూ రాకపోయేసరికి విసుగెత్తిన శత్రువులు గోదాంలోంచి బయటికొచ్చి, మజ్జిగ చూసి తామూ వరసలో నిలబడ్డారు.

బ్రిగేడియర్ గారు సరిగ్గా అప్పుడే జీపు దిగారు. ఎవరు గెలిచారని అడిగారు. సిన్హా నా వైపు చూశాడు. బ్రిగేడియర్ సత్తెమ్మ మంచం మీద కూర్చుని ఆమె చెప్పిందంతా విన్నారు. ఈమె నీకు చెప్పిందా అని రాథోడ్‌ను అడిగితే అతను పలకలేదు. సిన్హా లాంఛనంగా అతన్ని బతికించాల్సి వచ్చింది.

"మూడుసార్లు చెప్పింది సర్," అన్నాడు రాథోడ్. మరి ఎందుకు వినలేదంటే పేరా సంఖ్యతో సహా నియమం అప్పజెప్పాడు.

అది ఎవరు రాశారని బ్రిగేడియర్ అడిగారు. నేనే అన్నాను. ఆయన కోప్పడలేదు. ఆ పేరా ఇప్పుడు ఈమెకు చదివి వినిపించమన్నారు. తెలుగు చేసి చదివాను.

సత్తెమ్మ శ్రద్ధగా విని, "మాట్లాడకుంటే ఎట్ల తెలుస్తది సాబ్?" అంది.

ముసాయిదా తిరిగి నా బల్ల మీదికే వచ్చింది. ఆ రెండు పేరాలూ కొట్టేసి, తలుపు తెరిచేముందు లోపల ఎవరున్నారో స్థానిక భాషలో అడగాలని, చెప్పింది విని నాయకుడే బేరీజు వేసుకోవాలని, తేలని గది దగ్గర ఒకరిని కాపలా పెట్టి ముందుకు సాగవచ్చని రాశాను. పై కమిటీ పెంపుడు జంతువుల మీద ఒక అనుబంధం అడిగింది. కోడి జంతువు కిందికి వస్తుందా అన్నదాని మీద రెండు ఉత్తరాలు నడిచాయి.

నియమాలు రాసేవాడు బల్ల దగ్గర కూర్చుని ఇళ్లను గోడలుగా, తలుపులుగా ఊహించుకుంటాడు. క్రమశిక్షణ గల సైనికుడు ఆ నియమాన్ని అక్షరాలా పాటిస్తాడు కాబట్టి, అందులోని తప్పు అతనిది కాదు, రాసినవాడిది. ఆ తర్వాత నేను రాసిన ప్రతి నియమాన్నీ పైకి పంపేముందు, అది వర్తించే చోట ఉండే ఒకరికైనా చదివి వినిపించాను.